అప్పీలు డిఫాల్ట్‌లో పోయింది, ఈ.పీ. నోటీసు వచ్చింది: ఇప్పుడు ఏ దారి పట్టాలి?

మీరు అడిగింది ఇది. ఇల్లు ఖాళీ చేసి స్వాధీనం ఇవ్వాలని మీ నాన్నగారి మీద జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో డిక్రీ అయింది. దాని మీద హైదరాబాద్ పురానీ హవేలీలోని సిటీ సివిల్ కోర్టులో అప్పీలు వేశారు. ఆ అప్పీలు నాలుగు నెలల కిందటే కొట్టేశారన్న సంగతి అవతలివాళ్ల ఈ.పీ. (డిక్రీని అమలు చేయించమని వేసే ఎగ్జిక్యూషన్ పిటిషన్) నోటీసు చేతికొచ్చాక గానీ మీకు తెలియలేదు. ఇప్పుడు హైకోర్టులో సెకండ్ అప్పీలు వేయవచ్చా, ఎన్ని రోజుల్లో వేయాలి, ఖర్చు మాటేమిటి అంటున్నారు.

సెకండ్ అప్పీలు మాట కాసేపు పక్కన పెట్టండి. ముందు ఆ ఆర్డర్ నకలుకు దరఖాస్తు పెట్టండి. అది చేతికొచ్చేలోపు ఈ-కోర్ట్స్ యాప్‌లో మీ కేసుకు ఇచ్చిన పదహారు అక్షరాల గుర్తింపు సంఖ్య, అంటే సీ.ఎన్.ఆర్. నంబరు కొట్టి ఆ రోజు పేషీలో ఏం రాశారో చూడండి. అప్పీలు కొట్టేశారని అందరూ ఒకే మాట అంటారు గానీ, ఎందుకు కొట్టేశారన్నదాన్ని బట్టి వేయాల్సిన పిటిషన్, వెళ్లాల్సిన కోర్టు, లెక్కపెట్టాల్సిన గడువు అన్నీ మారిపోతాయి. తప్పు కోర్టులో తిరిగి ఆరు నెలలు పోగొట్టుకుని, ఆలోగా ఇల్లు కూడా పోగొట్టుకున్న కుటుంబాలు ఈ ఊళ్లో ఉన్నాయి. వాళ్ల కేసులో బలం ఉందో లేదో ఏ జడ్జీ చదవనే లేదు.

మీరు రాసినదాన్ని బట్టి ఇది డిఫాల్ట్ డిస్మిసల్ లాగా ఉంది, అంటే పిలిచినప్పుడు అప్పీలుదారు తరఫున ఎవరూ లేరని కొట్టేయడం. ఆర్డర్‌లో 'కాల్డ్ ఆబ్సెంట్', 'నో రిప్రజెంటేషన్', 'డిస్మిస్డ్ ఫర్ డిఫాల్ట్' అనే మాటలు కనిపిస్తే అది సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41 రూల్ 17 కింద ఇచ్చిన ఉత్తర్వు. కోడ్ సెక్షన్ 2(2) ప్రకారం డిఫాల్ట్ డిస్మిసల్ డిక్రీ కాదు. డిక్రీ కానప్పుడు సెక్షన్ 100 కింద సెకండ్ అప్పీలూ ఉండదు. మీ దారి ఆర్డర్ 41 రూల్ 19: అప్పీలును తిరిగి ఫైలు మీదకు తీసుకోమని, కొట్టేసిన కోర్టులోనే వేసే పిటిషన్.

గడువు దగ్గరే చాలామంది దెబ్బతింటారు. లిమిటేషన్ చట్టం 1963లో ఆర్టికల్ 122 దీనికి 30 రోజులు ఇచ్చింది. ఆ 30 రోజులు కొట్టేసిన తేదీ నుంచే నడుస్తాయి, మీకు తెలిసిన రోజు నుంచి కాదు. నోటీసు అందక ఎక్స్‌పార్టీ అయిన, అంటే తాను హాజరు లేకుండానే డిక్రీ అయిన ప్రతివాదికి ఆర్టికల్ 123 తెలిసిన రోజు నుంచి లెక్క ఇస్తుంది. ఆ వెసులుబాటు అప్పీలుదారుకు లేదు. తెలిసిన వారంలోనే వేశాం కాబట్టి జాప్యం లేదని అఫిడవిట్‌లో రాస్తే కోర్టు ఆఫీసు ఆ పిటిషన్‌ను రిటర్న్ చేస్తుంది, అంటే లోపం సరిచేయమని వెనక్కి ఇస్తుంది. ఇంకో చిక్కు ఉంది. నకలు తీయడానికి పట్టిన రోజులను అదే చట్టం సెక్షన్ 12 అప్పీలు, రివిజన్, రివ్యూ లెక్కల్లో మినహాయిస్తుంది గానీ రిస్టోరేషన్ (అప్పీలును తిరిగి తీసుకోమనే) పిటిషన్‌కు మినహాయించదు. ఎండాకాలం సెలవులూ అంతే. గడువులో ఆఖరి రోజు సెలవులో పడితేనే సెక్షన్ 4 కింద కోర్టు తెరిచిన రోజు వేసుకోవచ్చు. మధ్యలో వచ్చిన సెలవులు లెక్కలోంచి పోవు.

ఉదాహరణకు మార్చి 3న కొట్టేశారనుకోండి. ముప్పయ్యో రోజు ఏప్రిల్ 2. మీరు జులై 14న పిటిషన్ వేస్తే ఏప్రిల్ 3 నుంచి జులై 14 వరకు 103 రోజుల జాప్యం. ఈ అంకె లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద జాప్యం మన్నించమని వేసే పిటిషన్‌లోనూ అఫిడవిట్‌లోనూ ఒకేలా ఉండాలి. ఒకచోట 103, మరోచోట 133 అని ఉంటే ఎవరో కొట్టేసిన తేదీ నుంచి లెక్కపెట్టారని అర్థం. అలాంటి తేడాకే కాగితాలు వెనక్కి వస్తాయి, దాన్ని సవరించి వేసేలోపు జాప్యం ఇంకా పెరుగుతుంది.

కాబట్టి మీరు కలిపి వేయాల్సినవి మూడు: రూల్ 19 కింద రిస్టోరేషన్ ఐ.ఏ. (కేసులో భాగంగా వేసే మధ్యంతర దరఖాస్తు), సెక్షన్ 5 కింద జాప్యం మన్నించమని ఐ.ఏ., ఈ.పీ. ఆపమని మరో ఐ.ఏ. ఈ మూడోదాన్ని ఆర్డర్ 41 రూల్ 5 కింద వేస్తే, అప్పీలే ప్రాణంతో లేనప్పుడు స్టే ఎలా అడుగుతారని ఆఫీసు ప్రశ్నిస్తుంది. సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 151 (కోర్టు సహజ అధికారాలు) కింద వేయించండి. అప్పీలులో ఇంతకుముందు స్టే ఉండి ఉంటే అది అప్పీలుతోపాటే పోయింది. రిస్టోర్ అయినప్పుడు పాత స్టేను కూడా పునరుద్ధరిస్తున్నామని ఆర్డర్‌లో స్పష్టంగా రాయమని అడగండి. ఈ ఒక్క వాక్యం లేక, అప్పీలు బతికినా అమీను (డిక్రీ అమలు చేసే కోర్టు ఉద్యోగి) ఇంటి ముందుకు రావచ్చు.

ఈ.పీ. కోర్టులో కూడా వకాలత్ వేసి మొదటి వాయిదాకే హాజరవ్వండి. అప్పీలు కోర్టులో పిటిషన్ వేశాం కదా అని అక్కడ ఎక్స్‌పార్టీ అయితే ఇల్లు స్వాధీనం చేయించే డెలివరీ వారంటు వస్తుంది. వేసిన పిటిషన్ల నకళ్లతో మెమో పెట్టి సమయం అడగండి. ఇవ్వాలన్న నిబంధన లేదు, చాలా కోర్టులు ఒకటి రెండు వాయిదాలు ఇస్తాయి. ఆలోగా అప్పీలు కోర్టు నుంచి ఉత్తర్వు తెచ్చుకోవాలి.

ఇక కారణం. ఆ రోజు హాజరు కాలేకపోవడానికి తగిన కారణం ఉందని రుజువైతే కోర్టు అప్పీలును తిరిగి తీసుకోవాల్సిందేనని రూల్ 19 చెబుతోంది. ఖర్చుల విషయంలోనో మరో విధంగానో షరతు పెట్టవచ్చు. కానీ అఫిడవిట్లు చూస్తే 'అనారోగ్యం వల్ల, పని ఒత్తిడి వల్ల హాజరు కాలేకపోయాను' అన్న ఒక్క వాక్యంతో సరిపెడతారు. మీరు రెండు వేర్వేరు ప్రశ్నలకు జవాబు రాయాలి. ఆ తేదీన ఎందుకు ఎవరూ లేరు? ఆ తర్వాత ఇన్ని రోజులు ఎందుకు తెలియలేదు? మొదటిది రూల్ 19 అఫిడవిట్‌కు, రెండోది సెక్షన్ 5 అఫిడవిట్‌కు. ఆసుపత్రి డిశ్చార్జి సమ్మరీ మొదటిదానికి పనికొస్తుంది. నాలుగు నెలలకు అది జవాబు కాదు. ఈ.పీ. నోటీసు అందిన కవరు, వకీలుతో నడిచిన మెసేజీలు, కేసు ఒక కోర్టు నుంచి మరో కోర్టుకు బదిలీ అయి ఉంటే ఆ వివరం: ఇవి రెండోదానికి ఆధారాలు.

తప్పు వకీలు వైపు జరిగి ఉంటే, అంటే గుమాస్తా డైరీలో తేదీ తప్పు రాసుకోవడమో, అదే సమయానికి వకీలు నాయాపూల్‌లో హైకోర్టులో మరో కేసులో ఉండిపోవడమో అయితే, అఫిడవిట్ ఆయనే వేయడం ఉత్తమం. 'మా వకీలు పట్టించుకోలేదట' అని పార్టీ రాసిన మాటకు అంత బరువుండదు. వకీలు చేసిన తప్పుకు కక్షిదారును శిక్షించకూడదని 1981లో రఫీక్ – మున్షీలాల్ కేసులో సుప్రీంకోర్టు అంది. దాన్ని అందరూ ఉదహరిస్తారు. అవతలి వకీలు 1993 నాటి సలిల్ దత్తా తీర్పు తీస్తారు. ప్రతిదానికీ వకీలు మీద నెట్టేసి తప్పుకోవడం కుదరదన్నది అందులోని మాట. ఏది నిలుస్తుందన్నది మీ ప్రవర్తన మీద ఉంటుంది. అప్పీలు వేసిన దగ్గర్నుంచి మీరు కేసును కనిపెట్టుకునే ఉన్నారని చూపించే కాగితం ఒక్కటైనా జతచేయండి.

ఒకవేళ మీ వకీలు 'ఇన్‌స్ట్రక్షన్స్ లేవు' అని చెప్పి తప్పుకుని, ఆ సంగతి మీకు కోర్టు నోటీసు ద్వారా తెలపకుండానే కేసు ముగించి ఉంటే, మల్కియత్ సింగ్ – జోగిందర్ సింగ్ (1998) తీర్పు మీకు నేరుగా ఉపయోగపడుతుంది. డాకెట్ ఆర్డర్లన్నీ, అంటే ఒక్కో వాయిదాకు రాసిన ఉత్తర్వులన్నీ నకలు తీయమని చెప్పేది ఇందుకే. ఆఖరి ఆర్డర్ ఒక్కటే తీస్తే ఇలాంటివి బయటపడవు.

కొన్నిసార్లు అప్పీలుదారు తరఫున ఎవరూ లేకపోయినా జడ్జి రికార్డు చదివి, 'అప్పీలులో పస లేదు' అని తీర్పు రాసేస్తారు. ఇది చెల్లదు. హాజరు కానప్పుడు డిఫాల్ట్ కింద కొట్టేయవచ్చు గానీ, మెరిట్స్ (కేసు బలాబలాలు) మీద కొట్టేయకూడదని రూల్ 17కు 1976 సవరణలో వివరణ చేర్చారు. అబ్దుర్ రహ్మాన్ – అతీఫా బేగం (1996) తీర్పు కూడా ఇదే చెబుతుంది. మీ ఆర్డర్ ఈ బాపతుదైతే మాత్రం సెకండ్ అప్పీలు దారి తెరిచే ఉంటుంది. హైకోర్టుకు గడువు 90 రోజులు, ఇక్కడ నకలు రోజులు మినహాయింపు.

రూల్ 19 పిటిషన్ కూడా కొట్టేస్తే ఆర్డర్ 43 రూల్ 1(టీ) కింద హైకోర్టులో సీ.ఎం.ఏ. (సివిల్ మిసలేనియస్ అప్పీలు) ఉంది, దానికీ 90 రోజులే. చీఫ్ జడ్జి లేదా అదనపు చీఫ్ జడ్జి ఇచ్చిన ఉత్తర్వు మీద కాబట్టి హైకోర్టే. అయితే సెక్షన్ 5 పిటిషన్‌ను మాత్రమే కొట్టేసి, రూల్ 19 పిటిషన్‌కు నంబరే ఇవ్వకపోతే ఆ ఉత్తర్వు మీద సాధారణంగా సీ.ఆర్.పీ. (సివిల్ రివిజన్ పిటిషన్) వేస్తారు. ఏది వేయాలో కాగితం చూసి వకీలు తేల్చాలి.

ఇదే చర్చ చదువుతున్న మిగతావాళ్ల కోసం తక్కిన రకాలు కూడా చెబుతాను.

గడువు దాటి వేసిన అప్పీళ్లు. జిల్లా స్థాయి కోర్టుకు 30 రోజులు, హైకోర్టుకు 90 రోజులు, ఆర్టికల్ 116. సిటీ సివిల్ కోర్టు డిక్రీల మీద నేరుగా హైకోర్టుకు వెళ్లేవాటిని అక్కడ సీ.సీ.సీ.ఏ. (సిటీ సివిల్ కోర్టు అప్పీలు) అంటారు. తక్కిన జిల్లాల నుంచి వచ్చేవాటిని ఏ.ఎస్. (అప్పీల్ సూట్) అంటారు. నకలు రోజుల మినహాయింపు తీసేటప్పుడు సర్టిఫైడ్ కాపీ వెనక ముద్ర చూడండి. దరఖాస్తు తేదీ, చార్జీలు పిలిచిన తేదీ, కట్టిన తేదీ, నకలు సిద్ధమైన తేదీ, అందించిన తేదీ ఉంటాయి. జులై 1న తీర్పు, 30 రోజుల గడువు అనుకుందాం. గడువు జులై 31తో అయిపోతుంది. జులై 11న దరఖాస్తు పెట్టారు, 16న చార్జీలు పిలిచారు, అదే రోజు కట్టారు, 28న సిద్ధమైంది. 11 నుంచి 28 వరకు 18 రోజులు కలుస్తాయి, ఆఖరి రోజు ఆగస్టు 18. చార్జీలు 21న కట్టి ఉంటే ఆ ఐదు రోజులు మీ ఆలస్యం, ఆఖరి రోజు ఆగస్టు 13కు జరుగుతుంది. 28న సిద్ధమైన నకలును ఆగస్టు 10న తెచ్చుకుంటే ఆ మధ్య రోజులు ఎవరూ కలపరు.

డిక్రీ ఇంకా తయారు కాలేదు, అయ్యాక నకలుకు పెడదాం అనుకోవడం ఇంకా పెద్ద పొరపాటు. దరఖాస్తు పెట్టకముందు డిక్రీ తయారీకి కోర్టు తీసుకున్న సమయాన్ని మినహాయించకూడదని సెక్షన్ 12 వివరణలోనే ఉంది. తీర్పు చెప్పిన మర్నాడే దరఖాస్తు పెట్టేయండి, డిక్రీ తయారయ్యే రోజులన్నీ మీ ఖాతాలోకి వస్తాయి. 2002 జులై నుంచి అమల్లోకొచ్చిన సవరణ ప్రకారం అప్పీలు మెమోరాండంతో తీర్పు నకలు జతచేస్తే చాలు.

జాప్యం ఉంటే ఆర్డర్ 41 రూల్ 3ఏ ప్రకారం సెక్షన్ 5 పిటిషన్ అప్పీలుతోపాటే వేయాలి. మరిచిపోతే అక్కడితో అంతా అయిపోయినట్టు కాదు. అది సరిదిద్దుకోగల లోపమేనని మధ్యప్రదేశ్ రాష్ట్రం – ప్రదీప్ కుమార్ (2000) కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అసలు ఇబ్బంది స్టేతో. జాప్యం తేలి అప్పీలు వినాలని కోర్టు నిర్ణయించేదాకా డిక్రీ అమలు మీద స్టే ఇవ్వకూడదని అదే రూల్ అంటోంది. ఎస్.ఆర్. నంబరు (అసలు నంబరు పడేముందు ఇచ్చే తాత్కాలిక నంబరు) మీద ఏళ్ల తరబడి నలుగుతున్న జాప్య పిటిషన్ల వెనక ఎందరో ఇళ్లూ పొలాలూ ఖాళీ చేసి వెళ్లిపోయారు. జాప్య ఐ.ఏ.ను త్వరగా వినమని అర్జెంటు పిటిషన్ వేయడానికి మొహమాటపడకండి.

కారణాల విషయంలో 1987 నాటి కాతీజీ తీర్పు ఉదారంగా చూడమంటుంది. ప్రతిరోజు ఆలస్యానికీ సంజాయిషీ అన్నదాన్ని మొండిగా పట్టుకోవద్దని అందులోనే ఉంది. 1998 బాలకృష్ణన్ తీర్పు ప్రకారం ఎన్ని రోజులన్నదానికంటే వివరణ నమ్మదగ్గదా అన్నది ముఖ్యం. వీటినే నమ్ముకుని నిర్లక్ష్యంగా ఉండకండి. 2024లో పాతపాటి సుబ్బారెడ్డి కేసు, తెలుగు గంగ భూసేకరణకు సంబంధించినది, 5,659 రోజుల జాప్యంతో సుప్రీంకోర్టు దాకా వెళ్లి ఓడింది. ఉదారత వేరు, గడువు చట్టాన్ని పక్కన పెట్టడం వేరు అన్నది ఇప్పటి ధోరణి.

సెక్షన్ 5 పిటిషన్ కొట్టేసి, దాంతోపాటు అప్పీలును కూడా గడువు దాటిందని కొట్టేస్తే, అది అప్పీలులో వెలువడిన డిక్రీయే అని శ్యాంసుందర్ శర్మ (2005) తీర్పు. కాబట్టి దాని మీద సెకండ్ అప్పీలు నడుస్తుంది. డిఫాల్ట్‌కూ దీనికీ తేడా ఇదే.

అబేట్‌మెంట్ గురించి, అంటే పార్టీ చనిపోయాక వారసులను చేర్చక అప్పీలు ముగిసిపోవడం గురించి ఇంకాస్త చెప్పాలి. భాగపంపిణీ కేసుల్లో ఎక్కువ అప్పీళ్లు చచ్చేది దీనితోనే. పార్టీ చనిపోతే వారసులను రికార్డులోకి తేవడానికి 90 రోజులు. ఆ లోపు తేకపోతే, ఎవరూ ఆర్డర్ ఇవ్వకుండానే, ఆ పార్టీ వరకు అప్పీలు దానంతటదే అబేట్ అవుతుంది. దాన్ని తొలగించమని అడగడానికి ఇంకో 60 రోజులు. అంటే చనిపోయిన రోజు నుంచి 150 రోజుల వరకు రెండు పిటిషన్లు చాలు, ఆ తర్వాత సెక్షన్ 5 కింద మూడోది కావాలి. ఆ మూడోదాంట్లో జాప్యాన్ని 150వ రోజు తర్వాతి నుంచి లెక్కించాలి. చనిపోయిన రోజు నుంచి లెక్కించి 150 రోజులు ఎక్కువ చూపించిన పిటిషన్లు తరచూ కనిపిస్తాయి. జడ్జికి అనవసరంగా పెద్ద అంకె చూపించినట్టవుతుంది.

పది మంది రెస్పాండెంట్లలో (అప్పీలులో అవతలి పక్షంవాళ్లలో) ఒక్కరి వరకే కదా అబేట్ అయింది అని ఊరుకోకండి. డిక్రీ విడదీయరానిదైతే, ఒకరి మీద నిలిచి ఇంకొకరి మీద పోయి రెండు పొసగని డిక్రీలు వచ్చే పరిస్థితి అయితే, మొత్తం అప్పీలే పోతుంది. 1962 నాటి నత్థూరాం కేసు నుంచి ఇదే సూత్రం. పంపిణీ కేసులో వాటాదారులందరూ అవసరమైన పార్టీలే కాబట్టి ఈ ముప్పు ఎక్కువ. అయితే హైకోర్టులో ఏళ్ల తరబడి లిస్టులోకి రాని అప్పీళ్లలో అవతలి పార్టీ మరణం తెలియకపోవడం సహజమేనని, అలాంటిచోట ఉదారంగా చూడాలని పెరుమోన్ భగవతి దేవస్వోం (2008) తీర్పు చెప్పింది. తన పార్టీ చనిపోతే ఆ సంగతి కోర్టుకు చెప్పాల్సిన బాధ్యత ఆ పార్టీ వకీలు మీద ఉంది, ఆర్డర్ 22 రూల్ 10ఏ. అవతలి వకీలు చెప్పలేదన్నది మీ అఫిడవిట్‌లో తప్పక రాయాల్సిన వాక్యం.

మీ విషయంలో ఒక్కటి అడగాలి: మీ నాన్నగారు కులాసాగా ఉన్నారా? దేవుడు ఆయన్ని చల్లగా చూడాలి. ఒకవేళ అప్పీలు కొట్టేసిన తేదీకి ముందే ఆయన కాలం చేసి ఉంటే పైన చెప్పిన రూల్ 19 దారి మీది కాదు, అబేట్‌మెంట్ గురించి చెప్పిన దారి మీది.

కోర్టు ఫీజు, బత్తా (నోటీసు పంపే ఖర్చు), రిటర్న్‌లు చిన్న విషయాల్లా కనిపించి ప్రాణం తీసేవి. రెస్పాండెంట్‌కు నోటీసు పంపడానికి బత్తా కట్టకపోతే, ఫలానా తేదీలోపు కట్టకుంటే అప్పీలు దానంతటదే డిస్మిస్ అవుతుందని షరతు ఆర్డర్ ఇస్తారు. ఆ తేదీ దాటిపోయినా దారులన్నీ మూసుకుపోవు. సెక్షన్ 148, 149, 151 కింద గడువు పొడిగించే అధికారం కోర్టుకు ఉందని మహంత్ రాందాస్ – గంగాదాస్ (1961) కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అది కూడా అప్పీలులో కోర్టు ఫీజు కట్టలేదన్న కేసే. రిటర్న్ అయిన కాగితాలు మళ్లీ వేయడంలో ఆలస్యమైతే దానికి సెక్షన్ 5 కాదు, రీప్రజెంటేషన్ జాప్యం మన్నించమని వేరే పిటిషన్. డబ్బు డిక్రీ మీద అప్పీలులో డిపాజిట్ కట్టలేదని అప్పీలునే కొట్టేస్తే అది తప్పు. కట్టకపోతే స్టే రాదు, అంతవరకే. 1998 కయాముద్దీన్ తీర్పు చూపించండి.

ఖర్చు గురించి అడిగారు. మహిళలు, ఎస్సీ, ఎస్టీ, దివ్యాంగులకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది. తక్కినవారిలో చాలామందికి ఆదాయ పరిమితి ఉంటుంది. సిటీ సివిల్ కోర్టుకు అనుబంధంగా పురానీ హవేలీలోనే న్యాయ సేవాధికార సంస్థ ఉంది. ఆధార్, ఆర్డర్ నకలు, ఈ.పీ. నోటీసు పట్టుకుని వెళ్లండి.

రిస్టోరేషన్ అనుమతించేటప్పుడు అవతలివాళ్లకు ఇంత ఖర్చు ఫలానా తేదీలోపు కట్టాలని షరతు పెడతారు. ఆ డబ్బు అదే రోజు అవతలి వకీలుకు ఇచ్చి రసీదు తీసుకోండి. ఆయన తీసుకోనంటే కోర్టులో డిపాజిట్ చేసి, మెమోతో పాటు ఆ రసీదును ఫైల్లో పెట్టించండి. గడువు రోజు దాటి కడితే అనుమతించిన ఆర్డరే రద్దయి, మళ్లీ సెక్షన్ 148 పిటిషన్ దగ్గరికి వస్తారు.